టెక్ సందేహాలు: డీఎల్ఎల్ ఫైలు లేదంటోంది, ఏం చేయాలి?

ప్రశ్న: మా లాప్‌టాప్‌లో విండోస్ 11 ఉంది. సీ డ్రైవ్ నిండిపోతోందని ఈమధ్య అక్కరలేని ప్రోగ్రాములన్నీ తీసేశాను. అప్పటి నుంచి ఫొటోలు ఎడిట్ చేసే సాఫ్ట్‌వేర్ తెరవబోతే ‘వీసీరన్‌టైమ్140_1.డీఎల్ఎల్’ దొరకలేదని వస్తోంది. ఆ సాఫ్ట్‌వేర్ తీసేసి మళ్లీ వేసినా మార్పు లేదు. ఈ ఒక్క ఫైలును ఉచితంగా ఇచ్చే సైట్లు చాలా కనిపిస్తున్నాయి. దించుకోవచ్చా? – ఒక పాఠకురాలు, నెల్లూరు

జవాబు: దయచేసి దించుకోకండి. మీ సమస్యకు అంతకంటే సులువైన, సురక్షితమైన దారి ఉంది.

డీఎల్ఎల్ అంటే డైనమిక్ లింక్ లైబ్రరీ. ఎన్నో ప్రోగ్రాములకు ఉమ్మడిగా అవసరమయ్యే కోడ్‌ను ఒకచోట పెట్టి, కావలసినప్పుడు అందరూ అక్కడి నుంచే తీసుకునే ఏర్పాటు ఇది. పెళ్లి వంటకు కావలసిన పెద్ద గుండిగలను ఇంటింటా కొనరు కదా, ఊరి సత్రంలో ఉన్నవే అందరూ వాడుకుంటారు. దీనివల్ల డిస్కులో చోటు కలిసొస్తుంది, లైబ్రరీలో లోపం బయటపడితే ఒక్కచోట సరిచేస్తే సరిపోతుంది. చిక్కల్లా ఒకటే: ఆ ఉమ్మడి ఫైలు పోతే దాన్ని నమ్ముకున్న ప్రోగ్రాములన్నీ ఒక్కసారిగా ఆగిపోతాయి.

మీ దగ్గర జరిగింది అదేనని నా అంచనా. ప్రోగ్రాముల జాబితాలో ‘మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్’ అనే పేరు నాలుగైదుసార్లు కనిపిస్తుంది. ఇలాంటి ఉమ్మడి డీఎల్ఎల్ ఫైళ్లను కంప్యూటర్‌లో చేర్చే ప్యాకేజీ ఇది. పక్కన 2008, 2010, 2013 అంటూ రకరకాల సంవత్సరాలు ఉంటాయి. ఒకే సరుకు పదేపదే చేరిందనుకుని చాలామంది తీసేస్తారు. నిజానికి అవి దేనికది వేరు. తీసేస్తే మిగిలే చోటు కొద్ది ఎంబీలే, ఆగిపోయే ప్రోగ్రాములు మాత్రం ఎన్నో.

ఎర్రర్‌లో కనిపించే ఫైలు పేరును జాగ్రత్తగా చదివితే అది ఏ ప్యాకేజీలోదో తెలిసిపోతుంది. వీసీరన్‌టైమ్, ఎంఎస్‌వీసీపీ, ఎంఎస్‌వీసీఆర్ అని మొదలయ్యేవన్నీ విజువల్ సీ ప్లస్ ప్లస్ కుటుంబానివే. పేరులోని అంకె వెర్షన్‌ను చెబుతుంది. 90 ఉంటే 2008 ప్యాకేజీ, 100 అయితే 2010, 110 అయితే 2012, 120 అయితే 2013. మైక్రోసాఫ్ట్ 130ని వదిలేసి నేరుగా 140కి వెళ్లింది. 2015, 2017, 2019, 2022 వెర్షన్లు నాలుగింటికీ ఈ 140 ఒకటే. కాబట్టి వాటిలో అన్నింటికంటే కొత్త ప్యాకేజీ ఒక్కటి వేసుకుంటే పాతవాటి అవసరమూ తీరుతుంది. మీకు కావలసిన ఫైలు చివర ‘_1’ ఉంది. ఇది 2019 వెర్షన్‌తో వచ్చి చేరిన ఫైలు, 64 బిట్ ప్రోగ్రాములకు (ఇప్పటి 64 బిట్ ప్రాసెసర్ల కోసం తయారైనవి, పాత రకానివి 32 బిట్) మాత్రమే. అందుకే పాత 2015 ప్యాకేజీ ఉన్న కంప్యూటర్లలోనూ సరిగ్గా ఈ ఒక్క ఫైలే లేదని ఎర్రర్ వస్తుంటుంది.

మైక్రోసాఫ్ట్ అధికారిక సైట్‌కే వెళ్లి ఈ 140 కుటుంబంలో అన్నింటికంటే కొత్త రీడిస్ట్రిబ్యూటబుల్‌ను దించుకోండి. ఎక్స్64 (64 బిట్), ఎక్స్86 (32 బిట్) అని రెండు ఫైళ్లుంటాయి. మీ విండోస్ 64 బిట్‌దే అయినా రెండూ ఇన్‌స్టాల్ చేయండి, ఎందుకంటే 32 బిట్ ప్రోగ్రాములు ఇప్పటికీ చాలా వాడుకలో ఉన్నాయి. తర్వాత కంప్యూటర్‌ను ఒకసారి రీస్టార్ట్ చేయండి.

ఆ సైట్ల సంగతి ఎందుకింత గట్టిగా చెబుతున్నానంటే, డీఎల్ఎల్ ఫొటోలాగా ఊరికే పడి ఉండే ఫైలు కాదు. ప్రోగ్రాం దాన్ని పిలిచిన క్షణంలో అందులోని కోడ్ ఆ ప్రోగ్రాంకు ఉన్న అనుమతులన్నిటితోనూ నడుస్తుంది. ఎవరు మార్చి పెట్టారో తెలియని ఫైలుకు అంత అధికారం ఇవ్వకూడదు. ఫైలు మంచిదే అయినా పని పూర్తికాదు. ఎంఎస్‌వీసీపీ140కి వీసీరన్‌టైమ్140 కావాలి, అలా ఒకటి పెడితే ఇంకొకటి లేదంటుంది.

ప్రశ్న: పాత కంప్యూటర్ గేమ్ ఒకటి వేస్తే ‘డీ3డీఎక్స్9_43.డీఎల్ఎల్’ లేదంది. నెట్ నుంచి దించి సిస్టమ్32లో పెట్టాను, అయినా అదే ఎర్రర్. గేమ్ ఫోల్డర్‌లోనూ పెడితే ఇప్పుడు 0ఎక్స్‌సీ000007బీ అని వస్తోంది. నా కంప్యూటర్‌లో డైరెక్ట్ఎక్స్ 12 (గేముల బొమ్మలు, శబ్దాలకు కావలసిన మైక్రోసాఫ్ట్ లైబ్రరీలు) ఉంది కదా, ఇంకేం కావాలి? – ఒక విద్యార్థి, వరంగల్

జవాబు: మీరు దించిన ఫైలు 64 బిట్‌ది, గేమ్ 32 బిట్‌ది అయి ఉండాలి. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డర్ ఉన్నది 64 బిట్ ఫైళ్ల కోసం, 32 బిట్ ఫైళ్లకు సిస్‌వావ్64 అనే వేరే ఫోల్డర్ ఉంది. పేర్లు తిరగేసినట్టున్నా ఏర్పాటు అదే. 32 బిట్ ప్రోగ్రాం సిస్టమ్32ను అడిగితే విండోస్ దాన్ని సిస్‌వావ్64 వైపు మళ్లిస్తుంది. అందుకే మొదట మీరు పెట్టిన ఫైలు గేమ్‌కు కనిపించలేదు. ఏ ప్రోగ్రాం అయినా మామూలుగా ముందు తన సొంత ఫోల్డర్‌లో వెతుకుతుంది. అక్కడ పెట్టగానే ఫైలు దొరికింది, కానీ బిట్ కుదరలేదు. ఆ కోడ్ చెబుతున్నది అదే.

మీరు పెట్టిన రెండు కాపీలనూ తొలగించి, యాంటీవైరస్‌తో పూర్తి స్కాన్ చేయండి. తర్వాత మైక్రోసాఫ్ట్ సైట్‌లోనే ‘డైరెక్ట్ఎక్స్ ఎండ్ యూజర్ రన్‌టైమ్’ ప్యాకేజీ తీసుకోండి. 2010 జూన్ నాటిదైనా సరే, మీకు కావలసింది అదే. డైరెక్ట్ఎక్స్ 9 కాలపు సహాయక లైబ్రరీలు విండోస్‌తో వచ్చే డైరెక్ట్ఎక్స్ 12లో భాగం కావు, విడిగా చేర్చుకోవాలి. దీనివల్ల 12కు ఏ నష్టమూ ఉండదు.

విండోస్ సొంత ఫైలు దేని మీదైనా పొరపాటున కాపీ చేసి ఉంటే, కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి సిస్టమ్ ఫైల్ చెకర్ నడపండి. దెబ్బతిన్న వాటిని అది తిరిగి పెడుతుంది.

ప్రశ్న: ఉబుంటు 22.04లో ఒక పాత ప్రోగ్రాం ‘లిబ్‌ఎస్ఎస్ఎల్.ఎస్ఓ.1.1’ లేదంటోంది. కొత్త వెర్షన్ ఫైలుకే ఆ పేరుతో లింక్ పెట్టమని ఒక స్నేహితుడు చెప్పాడు. సరైనదేనా? – ఒక పాఠకుడు, హైదరాబాద్

జవాబు: కాదు. విండోస్‌లో డీఎల్ఎల్ ఎలాగో, ఉబుంటు లాంటి లినక్స్ వ్యవస్థల్లో ఎస్ఓ ఫైళ్లు అలాగ. పేరులో ఎస్ఓ తర్వాత ఉన్న అంకె మారిందంటే లోపలి ఏర్పాటు మారిందని, పాత ప్రోగ్రాంతో పొసగదని అర్థం. పేరు మార్చినంత మాత్రాన అది పోదు. మీరడిగిన ఫైలు ఓపెన్‌ఎస్ఎస్ఎల్ అనే లైబ్రరీలోది, ఉబుంటు 22.04లో ఉన్నది దాని 3వ వెర్షన్. పాత 1.1.1 వెర్షన్‌కు ఉచిత భద్రతా సవరణలు 2023 సెప్టెంబరుతో ఆగిపోయాయి. ఇంటర్నెట్ సంభాషణలకు తాళం వేసే లైబ్రరీ అది, అందుకని పాతదాన్ని వెతికి తెచ్చుకోవడం కంటే ఆ ప్రోగ్రాంకే కొత్త వెర్షన్ తీసుకోవడం మేలు. స్నాప్ లేదా ఫ్లాట్‌ప్యాక్ అనే ప్యాకేజీ రూపంలో దొరికితే తనకు కావలసిన లైబ్రరీలు చాలావరకు దానితోపాటే వస్తాయి. ఇంకా ఏయే లైబ్రరీలు లేవో చూడాలంటే టెర్మినల్‌లో ఎల్‌డీడీ కమాండ్ ఇచ్చి పక్కన ఆ ప్రోగ్రాం ఫైలు పేరు రాయండి. దొరకని ప్రతిదాని ఎదురుగా ‘నాట్ ఫౌండ్’ అని చూపిస్తుంది. నమ్మకం లేని ఫైలు మీద మాత్రం ఈ కమాండ్ వాడవద్దు, కొన్ని సందర్భాల్లో అది ఆ ప్రోగ్రాంనే నడిపించవచ్చు.