నాలుగు పక్షాలు, నాలుగు ముగింపులు: మేనల్లుడికి ఒక లేఖ

శ్రీకాకుళం

చిరంజీవి మేనల్లుడికి మావయ్య ఆశీస్సులు.

నువ్వు పంపిన కంప్యూటర్ ఆట ప్రణాళిక అందింది. పద్దెనిమిది పేజీలనూ రెండుసార్లు చదివాను. నీళ్లింకిపోయిన ఒక గ్రహం, అక్కడ మిగిలిన ఒకే ఒక్క జలాశయం, దాని కోసం పోటీపడే రైతులు, వర్తకులు, శాస్త్రజ్ఞులు, సైనికులు అనే నాలుగు పక్షాలు, చివర్లో పక్షానికొకటి చొప్పున నాలుగు ముగింపు వీడియోలు. ఈ ఊహ నాకు బాగా నచ్చింది కాబట్టే ఇంత పొడుగు ఉత్తరం రాస్తున్నాను. నాలుగు ముగింపులూ ఒకదాన్నొకటి పోలకుండా ఎలా రాయాలని అడిగావు. ఆ వీడియోలను కొన్నాళ్లు పక్కన పెట్టి, నాలుగు పక్షాలలో ఒక్కొక్కదానికి ఏది చేతకాదో, ఏది ఎప్పటికీ దక్కదో ముందు రాసుకో. నీకు కావలసిన ముగింపులు అందులోంచే వస్తాయి.

అంతకన్నా ముందు ఒక మాట మార్చమని చెప్పాలి. ప్రణాళిక పొడుగునా 'ఫ్యాక్షన్' అని వాడావు. ఇంగ్లీషు ఆటల్లో ఆ మాటకు ఏ దోషమూ లేదు గానీ, తెలుగులో అది వినగానే వేటకొడవళ్లు, నాటుబాంబులు, తరతరాల పగలు కళ్లముందు కదులుతాయి. తెలుగులో ఆడే ఆట అని నువ్వే అంటున్నావు కనుక 'పక్షం' అని రాయి. నేను ఈ ఉత్తరంలో అదే వాడతాను.

విజయనగరంలో మూడు లాంతర్ల దగ్గర నేను కంప్యూటర్ సెంటర్ నడిపే నాటికి నువ్వు పుట్టలేదు. నాలుగు కంప్యూటర్లు ఉండేవి, వాటిలో ఒకటి ఎప్పుడూ రిపేరులోనే ఉండేది. 1995లో వచ్చిన కమాండ్ అండ్ కాంకర్ అనే ఆట మా దగ్గర ఉండేది. అది రెండు సీడీలలో వచ్చింది. ఒక సీడీలో ఐక్యరాజ్యసమితి అండతో నడిచే జీడీఐ సైన్యం కథ, రెండో దానిలో కేన్ అనే నాయకుడు నడిపే బ్రదర్‌హుడ్ ఆఫ్ నాడ్ కథ. డ్రైవులో ఏ సీడీ పెడితే ఆ పక్షమే నీది. ఇంటర్ చదివే ఒక కుర్రవాడు జీడీఐ సీడీ తీసుకున్నాడు, వాడి స్నేహితుడు నాడ్ సీడీ తీసుకున్నాడు. ఒకరి తెర ఒకరు చూడకూడదని పందెం వేసుకుని, పక్కపక్క కంప్యూటర్ల మీద మధ్యలో అట్ట పెట్టుకుని ఆడేవారు.

ఇద్దరూ ఒకే వారంలో ఆట పూర్తి చేశారు. జీడీఐ కుర్రవాడు సరయేవోలోని నాడ్ ఆలయాన్ని కూల్చి, యుద్ధం అయిపోయిందని లేచి నిలబడ్డాడు. రెండోవాడు మాత్రం మౌసు మీద చెయ్యి అలాగే ఉంచి కదలకుండా కూర్చున్నాడు. నేను వెనక నిలబడి చూశాను. అంతరిక్షంలో తిరిగే జీడీఐ వారి ఆయుధం నాడ్ చేతికి చిక్కింది. అమెరికా శ్వేతసౌధం, పారిస్‌లోని ఐఫిల్ టవర్, బెర్లిన్‌లోని బ్రాండెన్‌బర్గ్ ద్వారం, లండన్‌లోని పార్లమెంటు భవనం, వీటిలో దేన్ని కూల్చాలో నువ్వే చెప్పమని తెర అడుగుతోంది. వాడు చాలాసేపు ఆలోచించి ఐఫిల్ టవర్ మీద నొక్కాడు. తరువాత ఇద్దరి మధ్యా మొదలైన వాదం నాకు ఇప్పటికీ మాట మాటగా గుర్తుంది. "ఏటి అయిపోయింది యుద్ధం? ఆ ఫిరంగి మా చేతికొచ్చీసింది, టవర్ని నేనే కూల్చీసాను" అన్నాడు రెండోవాడు.

ఆ ఆట చేసినవాళ్లు నాడ్ వైపు ఆడినవాడికి ఒక విజయ వీడియో చూపించి ఊరుకోలేదు. పక్షం ఎంచుకున్నప్పుడు తెలియక ఒప్పుకున్న దాన్ని చివర్లో వాడి చేతనే చేయించారు. జీడీఐ సీడీ పెట్టినవాడికి ఆ నాలుగు పేర్లు కనిపించనే కనిపించవు. నీ నాలుగు వీడియోలలో ఆడేవాడు చేతులు కట్టుకుని చూడటం తప్ప చేసేది ఏమీ లేదని నేను అనటం ఇందుకే.

ఆ కథకు తరువాయి కూడా ఉంది. 1999లో టైబీరియన్ సన్ అనే తరువాతి భాగం వచ్చింది. అది జీడీఐ గెలిచిందన్న లెక్క మీదే నడిచింది. దాన్ని మొదటిసారి తెరిచిన రోజున ఆ రెండోవాడు నన్ను, "మరి నేను ఆడిందేటి, అన్నా?" అని అడిగాడు. నేను ఏ జవాబూ చెప్పలేకపోయాను. ఈ పద్ధతి అక్కడితో ఆగలేదు. 2006లో వచ్చిన డాన్ ఆఫ్ వార్: డార్క్ క్రూసేడ్‌లో క్రోనస్ అనే ఒకే గ్రహం కోసం ఏడు పక్షాలు పోరాడతాయి, ఏడింటికీ వేర్వేరు ముగింపులున్నాయి. తరువాతి కథ మాత్రం బ్లడ్ రేవెన్స్ అనే ఒక్క పక్షం గెలుపునే జరిగినదిగా తీసుకుంది. నీ ఆటకు రెండో భాగం ఉంటుందని పదిహేడో పేజీలో రాశావు. ఏ పక్షం గెలుపు మీద దాన్ని కడతావో ఇప్పుడే తేల్చుకో. ఏ ఒక్కదాని మీదా కట్టను అనుకుంటే ఇంకా సంతోషిస్తాను.

అది ఎలా సాధ్యమని అడుగుతావేమో. మన విజయనగరం జిల్లాలోనే చూడు. 1757 జనవరి 24న విజయనగరం పాలకుడు పూసపాటి విజయరామరాజు, ఫ్రెంచి సేనాని బుస్సీ కలిసి బొబ్బిలి కోటను ముట్టడించారు. కోట పడిపోతోందని తెలిసి, శత్రువుల చేతికి చిక్కకూడదని ఆడవాళ్లను, పిల్లలను కోటలోని వాళ్లే చంపుకున్నారు. ఆ తరువాత కొద్ది రోజులకే తాండ్ర పాపారాయుడు రాత్రివేళ గుడారంలో చొరబడి విజయరామరాజును చంపాడు. బొబ్బిలి వైపు నుంచి చెప్పే కథ పాపారాయుడి దగ్గర ముగుస్తుంది. విజయనగరంలో అదే కథ ఇంకొంచెం ముందుకు సాగి, విజయరామరాజు చెల్లెలిగా జనం చెప్పుకునే పైడితల్లి అమ్మవారు పెద్ద చెరువులో వెలిసిన దగ్గర ముగుస్తుంది. దసరా వెళ్లిన మంగళవారం నాడు సిరిమాను, అంటే కొసన పూజారిని కూర్చోబెట్టి ఊరేగించే పొడుగాటి మాను, తిరిగేది ఆ తల్లి కోసమే కదా. యుద్ధం ఒకటే, ఫలితం కూడా ఒకటే. కోట పోగొట్టుకున్నవాళ్ల కథ పగ దగ్గర ఆగింది, రాజును పోగొట్టుకున్నవాళ్ల కథ అమ్మవారి దగ్గర ఆగింది. ఎవరు ఏం పోగొట్టుకున్నారో దాని దగ్గరే వాళ్ల ముగింపు ఉంది. రెండు వందల అరవై ఏళ్లు దాటినా ఈ రెంటిలో ఒకదాన్ని చెరిపేసి రెండోదే అసలు కథ అని ఎవరూ అనలేదు. నీ నాలుగు పక్షాలకు నాలుగు వేర్వేరు ఫలితాలు అవసరం లేదు. జలాశయానికి జరిగేది ఒక్కటే అయినా కథ నాలుగు చోట్ల ఆగవచ్చు.

ఇక పక్షానికి ఏది దక్కకూడదు అన్న సంగతికి వస్తాను. దీనికి నాకు తెలిసిన మంచి పాఠం 1999 నాటి ఆల్ఫా సెంటారి. భూమి నుంచి బయలుదేరిన యూనిటీ అనే నౌకలోని వాళ్లు ఏడు పక్షాలుగా విడిపోయి కొత్త గ్రహం మీద దిగుతారు. వాటిలో శాంతిపరిరక్షక పక్షానికి నాయకుడు ప్రవీణ్ లాల్ అనే భారతీయ వైద్యుడు. అన్ని పక్షాలూ కూర్చునే గ్రహ పాలకమండలి ఎన్నికల్లో అతనికి ఓట్లు రెట్టింపుగా లెక్కకు వస్తాయి గానీ, పోలీసు రాజ్యం నడిపే దారి అతనికి మూసి ఉంటుంది. మోర్గన్ అనే వ్యాపారికి డబ్బు బాగా వస్తుంది గానీ, ప్రణాళికాబద్ధ ఆర్థిక వ్యవస్థను ఎంచుకునే వీలు లేదు. ప్రకృతిని కాపాడే డీర్డ్రి పక్షం స్వేచ్ఛా మార్కెట్‌కు పోలేదు. మిరియమ్ నడిపే విశ్వాసుల పక్షం దాడిలో బలమైనది, పరిశోధనలో వెనకబడినది.

ఆ ఆటలో పక్షానికొక ముగింపు అంటూ విడిగా రాసి పెట్టలేదు. యుద్ధంలో గెలవటం, మండలిలో నాలుగింట మూడు వంతుల ఓట్లతో పరమాధికారిగా ఎన్నిక కావటం, గ్రహం మీది శక్తి మార్కెట్ మొత్తాన్ని గుప్పిట్లో పెట్టుకోవటం, మనుషులంతా ఆ గ్రహానికే ఉన్న చేతనలో లీనం కావటం అనే దారులు అందరికీ తెరిచే ఉంటాయి. అయినా లాల్‌తో ఆడేవాడు మండలి వైపు, మోర్గన్‌తో ఆడేవాడు మార్కెట్ వైపు, మిరియమ్‌తో ఆడేవాడు యుద్ధం వైపు తనకు తెలియకుండానే జరిగిపోతారు. నియమాలే వాళ్లను అటు లాగుతాయి. ఆ లాగుడులోనే ముగింపు తయారవుతుంది.

నీ ప్రణాళికలో ఈ లాగుడు లేదు. నాలుగు పక్షాలూ ఆనకట్ట కడతాయి, నాలుగూ నీళ్లు అమ్ముతాయి, నాలుగూ సైన్యం పెంచుతాయి. తేడా అంతా జెండా రంగులోనూ, ఒక్కొక్కరికి ఇచ్చిన పది శాతం లాభంలోనూ ఉంది. కాబట్టి నేను చేయమనేది ఇది. వర్తకులకు నీరు నిల్వ చేసే హక్కు తీసెయ్యి, చేతికి వచ్చిన నీటిని ఆ వంతులోనే, అంటే ఆడే వరస మారకముందే, అమ్మితీరాలి. అప్పుడు వాళ్లు జలాశయాన్ని గెలిచిన రోజున, దాన్ని అమ్మకుండా ఉంచుకోలేని పరిస్థితి ఎదురవుతుంది. రైతులు ఒకసారి ఊరు కట్టాక దాన్ని వదిలి వెళ్లకూడదు. అలా చేస్తే ఆట ముగిసేటప్పటికి నీరు అందని ఊళ్లు ఎన్ని మిగిలాయో లెక్క వాళ్ల తలమీద ఉంటుంది. శాస్త్రజ్ఞులు కనిపెట్టిన ప్రతిదీ పది వంతుల తరువాత మిగతా మూడు పక్షాలకూ తెలిసిపోవాలి. వాళ్లను ఓడించేది వాళ్ల యంత్రమే కావచ్చు. సైనికులు సైన్యాన్ని రద్దు చేయలేరు. యుద్ధం అయ్యాక కూడా అన్ని నోళ్లకూ నీళ్లు పొయ్యాలి. ఈ నాలుగు వాక్యాలు రాస్తున్నప్పుడే నాలుగు ముగింపులూ నా కళ్లకు కట్టాయి. నీకు ఇంతకన్నా మంచివి తట్టవచ్చు, తట్టాలి కూడా.

పక్షాన్ని మొదట్లోనే ఎంచుకోవాలా, నడిమధ్యలోనా అన్నది ఈ ఆట తయారుచేస్తున్న మీ ముగ్గురి మధ్య తగవుగా ఉందని రాశావు. రెండు దారులకూ మంచి ఉదాహరణలున్నాయి. 2014లో వచ్చిన సివిలైజేషన్: బియాండ్ ఎర్త్‌లో మొదట ఎంచుకునే దేశకూటమి ముగింపును నిర్ణయించదు. సామరస్యం, శుద్ధత, ఆధిపత్యం అనే మూడు మార్గాలలో దేన్ని నడుస్తూ నడుస్తూ పెంచుకున్నావో చాలావరకు అది నిర్ణయిస్తుంది. 2019 నాటి ఫీనిక్స్ పాయింట్‌లో నీ సంస్థ వేరు, పక్షాలు వేరు. జీవులను మార్చేసే వైరస్‌ను సమూలంగా తుడిచిపెట్టాలనే న్యూ జెరికో, ప్రకృతితో కలిసి బతకాలనే సినీడ్రియాన్, మనిషికీ మార్పుచెందిన జీవానికీ సమన్వయం కోరే అనూ శిష్యులు. వీళ్లలో ఎవరితో చెలిమి ముదిరితే వాళ్ల దారిలో కథ ముగుస్తుంది, ఎవరితోనూ కాకపోతే సొంత దారి ఒకటి ఉంది. ఒక పక్షం ఊరిని ఇంకొక పక్షం దాడి నుంచి కాపాడితే ఒకరికి మిత్రుడివి, ఇంకొకరికి శత్రువువి అవుతావు. మంచి పని చేశాననుకుంటూనే ముగింపును ఎంచేసుకున్నావని చాలా ఆలస్యంగా తెలుస్తుంది. నా మనసు ఈ రెండో పద్ధతి వైపే ఉంది. కానీ మీరు ముగ్గురే, మొదటి ఆట. మొదట్లోనే ఎంచుకోనివ్వు, కాకపోతే ఆ ఎంపిక బరువు ఆట సగానికి వచ్చాకే తెలిసేలా చెయ్యి.

ఒక్కటి మాత్రం చెయ్యవద్దు. 1999 నాటి హోమ్‌వరల్డ్ చాలా అందమైన ఆట, దాని మీద నాకు గౌరవం ఉంది. అందులో కుషాన్, తాయిదాన్ అనే రెండు అంతరిక్ష నౌకాదళాలలో దేన్నయినా ఎంచుకోవచ్చు గానీ, ఏది ఎంచుకున్నా కథ ఒక్కటే. ఆ కథ గట్టిది గనుక తట్టుకుంది. నీ ఆటలో అలా జరిగితే ఆడేవాడు రెండోసారి తెరవడు.

ఓటమిని కూడా ముగింపుగా లెక్కించు. 2016లో వచ్చిన ఎక్స్‌కామ్ 2, అంతకు ముందరి ఆటలో ఆడేవాడు ఓడిపోయి భూమి గ్రహాంతరవాసుల పాలైందన్న దగ్గర మొదలవుతుంది. గెలిచినవాడి లెక్కన కథ నడపాలన్న నియమం ఏదీ లేదని చూపించినందుకు ఆ ఆట అంటే నాకు ఇష్టం. నీ నాలుగు పక్షాలకూ ఓటమి ముగింపు ఒక్కొక్క పేజీ రాసి చూడు, అవి గెలుపు ముగింపులకన్నా సులువుగా వస్తాయి.

చివరిగా పరీక్ష గురించి. సగం తయారైన ఆటను నీ ప్రాజెక్టుతో సంబంధం లేని నలుగురికి, ఒక్కొక్కరికి ఒక్కొక్క పక్షం ఇచ్చి ఆడించు. సరిగ్గా మూడు గంటల తరువాత ఆట ఆపించి, నీ కథ ఎలా ముగుస్తుందనుకుంటున్నావని ఒక్కొక్కరినీ విడిగా అడిగి, వాళ్ల మాటల్లోనే రాసుకో. నలుగురూ ఒకే జవాబు చెబితే పక్షాలు ఇంకా పుట్టలేదని అర్థం, మళ్లీ నియమాల దగ్గరకు వెళ్లు. నలుగురూ నాలుగు రకాలుగా చెబితే, ఆ నాలుగు జవాబులూ నువ్వు రాసుకున్న ముగింపులకన్నా బాగుండే అవకాశం ఉంది. మొహమాటపడకుండా తీసుకో.

దసరాకి మీ అమ్మతో కలిసి విజయనగరం వస్తావు కదా, నేనూ ముందురోజే వచ్చేస్తాను. ఆ రెండు సీడీలూ నా దగ్గర ఇంకా ఉన్నాయి. నాడ్ సీడీ మీద గీతలు పడ్డాయి గానీ పాత కంప్యూటర్‌లో తిరుగుతోంది, రెండూ తీసుకొస్తాను. నువ్వు వర్తకుల పక్షం మొదటి మూడు గంటల ఆట ఒక్కటి సిద్ధం చేసి తీసుకురా. వీడియో వద్దు. సిరిమాను చూసి ఇంటికి వచ్చాక నేను ఆడతాను, మూడు గంటలయ్యాక నన్ను కూడా ఆ ప్రశ్న అడుగు.

ఆశీస్సులతో,
మీ మావయ్య