పుస్తకాల సలహా: ఆధునిక కళ, సిరామిక్స్, ఇంటి గది

ప్రశ్న (రాజమహేంద్రవరం నుంచి ఒక పాఠకురాలు): ఇంటీరియర్ డిజైన్ చదువు ముగించి ఇప్పుడిప్పుడే సొంతంగా పనులు ఒప్పుకుంటున్నాను. ఆధునిక కళ గురించీ, సిరామిక్స్ (కాల్చిన మట్టి, పింగాణీ వస్తువుల కళ) గురించీ క్రమంగా చదవాలని ఉంది. దుకాణంలో చూసిన పెద్ద బొమ్మల పుస్తకాలు వేల రూపాయల ఖరీదు చేస్తున్నాయి, వాటిలో చదవదగిన భాగం మాత్రం చాలా తక్కువ. ఏ పుస్తకాలతో మొదలుపెట్టమంటారు?

జవాబు: మీరు కొనగలిగేది ఒక్క పుస్తకమే అయితే ఎడ్మండ్ డి వాల్ రచించిన ‘ట్వెంటియత్ సెంచరీ సెరామిక్స్’ కొనండి. థేమ్స్ అండ్ హడ్సన్ సంస్థ 2003లో తన ‘వరల్డ్ ఆఫ్ ఆర్ట్’ వరుసలో వెలువరించిన పుస్తకం ఇది. రచయిత స్వయంగా పింగాణీ పని చేసే కళాకారుడు కాబట్టి మట్టి, బట్టీ, గ్లేజు (పాత్ర మీద వేసి కాల్చే గాజులాంటి పూత) ఏమిటో తెలిసి రాశాడు. అంతకంటె ముఖ్యంగా, కుండను చిత్రకళ నుంచీ భవన నిర్మాణం నుంచీ విడదీసి వేరే అరలో పెట్టలేదు.

ఆ విడదీయడం ఎలా జరిగిందో తెలుసుకోవడానికి జర్మనీలోని బౌహౌస్ అనే కళాపాఠశాల చరిత్ర చాలు. 1919లో వాల్టర్ గ్రోపియస్ వైమార్‌లో స్థాపించిన ఆ పాఠశాల, కళాకారుడికీ చేతిపనివాడికీ మధ్య అడ్డుగోడ ఉండరాదని ప్రకటించింది. అయినా దాని కుండల కార్యశాల మాత్రం వైమార్‌కు దూరంగా డోర్న్‌బుర్గ్ అనే చిన్న ఊళ్లో, మాక్స్ క్రెహాన్ అనే సంప్రదాయ కుమ్మరి, గెర్హార్డ్ మార్క్స్ అనే శిల్పి ఆధ్వర్యంలో నడిచింది. ఒక్కొక్క భాగాన్నీ విడిగా అచ్చుపోసి రకరకాలుగా అతికించడానికి వీలైన టీ పాత్రలను థియోడోర్ బోగ్లర్ రూపొందించింది అక్కడే. 1925లో పాఠశాల డెస్సౌకు తరలినప్పుడు ఉక్కు గొట్టాల కుర్చీలకు చోటు దొరికింది గాని కుండల పనికి దొరకలేదు. ఇంటీరియర్ పుస్తకాలు ఆ కుర్చీలను చూపినంత తరచుగా ఈ టీ పాత్రలను చూపకపోవడానికి ఇదీ ఒక కారణమని నా అనుమానం.

ఆధునిక చిత్రకళకు కళావిమర్శకుడు రాబర్ట్ హ్యూస్ ‘ది షాక్ ఆఫ్ ది న్యూ’ చదవండి. 1980లో బీబీసీ ప్రసారం చేసిన ఎనిమిది భాగాల కార్యక్రమం నుంచి పుట్టినది కనుక వాక్యం వేగంగా సాగుతుంది. ఆధునిక భవన శిల్పుల ఆదర్శ నగర స్వప్నాలను తూర్పారబట్టిన అధ్యాయం మీ వృత్తికి నేరుగా పనికివస్తుంది. హ్యూస్ తీర్పులన్నింటినీ ఒప్పుకోనక్కరలేదు. మార్సెల్ డుషాం 1917లో న్యూయార్క్ ప్రదర్శనకు పంపిన ‘ఫౌంటెన్’ గురించి కళాచరిత్రలు ఎంతో రాశాయి. అది కర్మాగారంలో పోతపోసి కాల్చిన సిరామిక్ మూత్రపు తొట్టి అన్న సంగతిని మాత్రం ఒక్క మాటలో తేల్చేస్తాయి.

మన దేశం సంగతికి వస్తే, కె.జి. సుబ్రమణ్యన్ వ్యాసగ్రంథం ‘ది లివింగ్ ట్రెడిషన్’ తప్పనిసరి. లక్నోలోని రవీంద్రాలయ భవనానికి 1960ల మొదట్లో టెర్రకోట (కాల్చిన ఎర్రమట్టి) పలకలతో సుదీర్ఘమైన కుడ్యఫలకాన్ని నిర్మించిన చిత్రకారుడాయన. బరోడాలో ఆయన దగ్గర చదువుకున్న మన చిత్రకారుడు లక్ష్మాగౌడ్ కూడా తరువాతి కాలంలో మట్టిబొమ్మల పనికి దిగారు.

గదుల అలంకరణకు ఫొటోల పుస్తకం కంటె ముందు జపాన్ రచయిత జునిచిరో తనిజాకి 1933లో రాసిన ‘ఇన్ ప్రెయిజ్ ఆఫ్ షాడోస్’ అనే చిన్న వ్యాసం చదవమంటాను. విద్యుత్తు తీగలను ఇంట్లో ఎక్కడ దాచాలన్న చిక్కుతో మొదలై, గదిలోని నీడ వస్తువుల అందాన్ని ఎలా నిర్ణయిస్తుందో చెబుతుంది. వేడి పులుసుకు పింగాణీ గిన్నె కంటె లక్క పూసిన చెక్క గిన్నె మేలని, పింగాణీ చేతికి చల్లగా తగులుతుందని, టకటక శబ్దం చేస్తుందని ఆయన వాదన. సిరామిక్స్‌ను ఇష్టపడేవారు ఈ ఎదురుమాట విని ఉండటం మంచిది.

ఖరీదైన బొమ్మల పుస్తకం కొనక తప్పకపోతే ముందు బొమ్మల కింది వివరాలు చూడండి. పాత్ర ఎత్తు, ఏ మట్టి, ఎలా కాల్చారు అన్నవి లేకుండా ప్రతిదాన్నీ ఎదుటినుంచే ఫొటో తీసి వేసిన పుస్తకాన్ని అక్కడే వదిలేయవచ్చు.

ప్రశ్న (విశాఖపట్నం నుంచి ఒక పాఠకుడు): కుమ్మరి సారె మీద పని నేర్చుకుంటున్నాను. బెర్నార్డ్ లీచ్ పుస్తకంలోని గ్లేజు పాళ్లను ఇప్పటికీ వాడవచ్చా?

జవాబు: ‘ఎ పాటర్స్ బుక్’ 1940లో వచ్చింది. షోజి హమాదాతో కలిసి 1920లో ఇంగ్లండులోని సెయింట్ ఐవ్స్‌లో కుండల కార్యశాల పెట్టిన లీచ్, అక్కడ దొరికే ముడిసరుకుల అనుభవంతో ఈ పాళ్లు రాశాడు. మీ బట్టీలో, మీ మట్టి మీద అవి అలాగే పనిచేయవు. పైగా, తక్కువ వేడిలో కాల్చే పాత్రలకు ఆయన చెప్పిన పూతల్లో సీసం (లెడ్) అనే విషలోహం ఉంది. చింతపండు పులుసు, ఊరగాయ, పెరుగు వంటి పుల్లని పదార్థాలు అటువంటి పూతలోని సీసాన్ని తిండిలోకి లాగుతాయి. ఆ పొడిని కలిపేటప్పుడు పీల్చినా ప్రమాదమే. గ్లేజు పనితీరు తెలుసుకోవడానికి డేనియల్ రోడ్స్ ‘క్లే అండ్ గ్లేజెస్ ఫర్ ది పాటర్’ ఎక్కువ ఉపయోగం, అయితే అదీ 1957 నాటిదే కనుక సీసం విషయంలో ఇదే జాగ్రత్త పాటించాలి.

లీచ్‌ను మాత్రం చదవండి. సోంగ్ రాజవంశ కాలపు చైనా పాత్రలను కొలమానంగా నిలిపే మొదటి అధ్యాయం ఎంత ఉత్తేజకరమో అంత పక్షపాతం కూడా. 1938లో వియన్నా నుంచి లండన్ చేరిన లూసీ రీ అనే కుండల కళాకారిణి, ఆయన బరువైన గోధుమరంగు పాత్రలకు భిన్నంగా, పలుచని అంచుల గిన్నెలు చేసి తన దారి తాను వేసుకుంది. 1971లో రే మీకర్, డెబొరా స్మిత్ స్థాపించిన పుదుచ్చేరిలోని గోల్డెన్ బ్రిడ్జ్ పాటరీ అనే కుండల కార్యశాల మనకు దగ్గరి ఉదాహరణ. మీకర్ పచ్చి ఇటుకలతో ఇల్లు కట్టి, ఆ ఇంటినే బట్టీగా మార్చి కాల్చే ప్రయోగాలు కూడా చేశాడు.

ప్రశ్న (వరంగల్లు నుంచి ఒక విద్యార్థి): ఇవన్నీ ఇంగ్లీషు పుస్తకాలే. తెలుగులో ఏం చదవాలి?

జవాబు: చిత్రకళ మీద సంజీవదేవ్ వ్యాసాలు చదవండి. సిరామిక్స్‌కు హైదరాబాదులోని సాలార్‌జంగ్ మ్యూజియంలో చైనా, జపాన్, ఐరోపా పింగాణీ గదులు ఉన్నాయి; డి వాల్ పుస్తకం చదవడానికి ముందు ఒకసారి, చదివాక మరొకసారి చూడండి.