పాదం మీద నాడి దొరకకపోతే

షుగర్ ఉన్న మీ నాన్నగారి పాదం పైన నాడి అందడం లేదని, రక్తం ఆగిపోయిందేమోనని టెన్షన్ పడుతున్నారు. మీరు నొక్కి చూశానన్న ఆ నీలం గీత గుండె నుంచి రక్తం తెచ్చే ధమని కాదండీ, రక్తాన్ని తిరిగి గుండెకు తీసుకెళ్లే సిర. మనం అన్నింటినీ నరాలే అంటాం కాబట్టి ఈ తికమక. అది చీలమండ లోపలి ఎముకకు ముందుగా కాలి పైకి వెళ్తుంది, కొట్టుకోదు.

ఆయన్ని కాలి బొటనవేలు పైకెత్తమనండి. తాడులా ఒకటి లేస్తుంది. దానికి పక్కనే, చిటికెనవేలి వైపు, పాదం మధ్యలో రెండు వేళ్లు ఆనించండి. మీ చేతి బొటనవేలితో చూడొద్దు, మీ నాడే మీకు తెలుస్తుంది. గట్టిగా నొక్కితే ధమని మూసుకుపోతుంది.

అక్కడా దొరకలేదా? కొందరికి పుట్టుకతోనే అక్కడ అందదు. లోపలి ఎముకకు, మడమకు మధ్య పల్లంలో చూడండి, అరికాలికి రక్తం తెచ్చే ధమని అదే.

రెండు చోట్లా అందకపోతే ఈ వారంలోనే డాప్లర్ (శబ్ద తరంగాలతో రక్త ప్రవాహాన్ని చూసే పరీక్ష) చేయించండి. నడిస్తే పిక్క పట్టేస్తున్నా, పుండు మానకపోయినా డాక్టరుకు చెప్పండి. పాదం ఉన్నట్టుండి చల్లబడి, పాలిపోయి, నొప్పి పుడితే మాత్రం వెంటనే ఆసుపత్రికి వెళ్లండి. వేడినీళ్ల కాపడం అసలు వద్దు, స్పర్శ తగ్గిన పాదం కాలినా తెలియదు.