జర్దాలూ కోడి వండబోతున్న చిట్టికి

చిట్టీ,

పన్నెండు మందిని భోజనానికి పిలిచావట. సగం మంది మీ అపార్ట్‌మెంట్ పార్సీలు, సగం మంది గుంటూరు నుంచి దిగే మీ అత్తగారి తరఫువాళ్లట. పార్సీ కొత్త సంవత్సరం నాడు పార్సీలకే జర్దాలూ సల్లీ మర్ఘీ, అదే ఎండు ఆప్రికాట్లు వేసే వాళ్ల కోడికూర, వండిపెడతానన్నావట. మీ అమ్మ ఫోన్లో చెప్పి, కాసేపు ఏమీ మాట్లాడలేదు. ఎందుకు మాట్లాడలేదో నాకు తెలుసు, కింద రాస్తాను. నీ ధైర్యానికి నాకు గర్వంగానే ఉంది. రాత్రి నిద్ర పట్టకపోవడం వేరే సంగతి.

ముందు నా భయం చెప్పనీ. పండ్లలో గింజలు. పుణేలో దొరికే నారింజ రంగు ఆప్రికాట్లు కొనకు, రంగు పోకుండా వాటికి గంధకం పొగ పెడతారు. ఉబ్బసం ఉన్నవాళ్లకు అది పడదు, మీ ఆడపడుచుకి ఇన్‌హేలర్ ఉందని నాకు గుర్తుంది. మన బేగంబజారులో ఖుబానీ కా మీఠాకి కొనే గోధుమరంగు ముడతల పండ్లు కావాలి. వాటికి గింజ ఉంటుంది. రాత్రే గోరువెచ్చని నీళ్లలో నానబెట్టి, పొద్దున ఒక్కో పండూ నొక్కి గింజ తియ్యి. తీసినవి లెక్కపెట్టు, పండ్ల లెక్కతో సరిపోవాలి. నవ్వకు. నాలుగేళ్ల పిల్లాడు వస్తున్నాడన్నావు, అది గొంతులో ఇరుక్కుంటే ఎవరిని పిలుస్తావు? గింజ పగలగొట్టి లోపలి పప్పు పైన చల్లుదామనిపిస్తుంది, మీఠా మీద మనమూ చల్లుతాం. ఒకటి కొరికి చూసి, చేదనిపిస్తే మొత్తం పారెయ్యి. ఆ చేదు పప్పులో ఉన్నది కడుపులోకి వెళ్లి సైనైడ్ అవుతుంది. పండ్లు నానిన నీళ్లు మాత్రం పారబొయ్యకు.

ఇక కూర. రెండున్నర కిలోల కోడి, ఎముకతో, తొడ ముక్కలు ఎక్కువ పడేటట్టు. ఉల్లిపాయలు ఎర్రగా వేయించు. పదిహేను కాశ్మీరీ మిరపకాయలు, జీలకర్ర, అల్లం, వెల్లుల్లి మెత్తగా రుబ్బుకో. దాల్చినచెక్క, లవంగాలు, యాలకులు నూనెలోనే పడాలి. ముద్ద పచ్చివాసన పోయి నూనె తేలాక ముక్కలు, తర్వాత టమాటాలు. ఇదంతా నీకు వచ్చినదే.

గుంటూరువాళ్లు వస్తున్నారని గుంటూరు మిరపకాయ వెయ్యకు. కాశ్మీరీది రంగుకి, ఆ కారం పండు తీపిని మింగెయ్యదు. మీ మామగారు మొదటి ముద్దకే "కోడిలో తీపేంటమ్మా" అంటారు. అననీ. గుమ్మడికాయ పులుసులో బెల్లం పడకపోతే లేచి వెళ్లిపోయే మనిషి ఆయన! ఆవకాయ జాడీ బల్ల మీద పెట్టి ఊరుకో.

ఇప్పుడు అసలు సంగతి. మీ అమ్మ నీకెప్పుడూ చెప్పి ఉండదు, నేను రాశానని తెలిస్తే నాతో ఓ వారం మాట్లాడదు కూడా. అయినా రాస్తున్నాను.

సికింద్రాబాద్‌లో మేం ఎం.జి. రోడ్డు దగ్గర అద్దెకుండే రోజులవి. 1847లో కట్టిన అగ్యారీ, అదే పార్సీల అగ్ని గుడి, అక్కడికి నాలుగు అడుగులే. పై వాటాలో పార్సీ ఆంటీ ఉండేది. వాళ్లింట్లో పెళ్లి భోజనం మనలాగే అరిటాకులో పెడతారు, అందులో ఈ కూర తిన్న దగ్గర్నుంచి మీ అమ్మకి అదే ధ్యాస. పెళ్లయిన కొత్తలో మీ నాన్నవైపు పెద్దవాళ్లు చూడ్డానికొస్తే, ఎవరినీ అడక్కుండా అదే వండింది. ఆంటీ మెట్లెక్కితే ఉంది, వెళ్లి అడగొచ్చుగా! అడగలేదు. అడిగితే తనకి రాదని తెలిసిపోతుందని.

పండు ఉడకాలి కదా అనుకుని, నానబెట్టని ఆప్రికాట్లూ బెల్లమూ కోడితోపాటే మొదట్లో వేసేసింది. పలచని అల్యూమినియం గిన్నె, కిరోసిన్ స్టవ్వు. ఎండిన పండు నీళ్లన్నీ తాగేసింది, మెత్తబడి చితికింది, తీపంతా అడుక్కి దిగింది. అప్పుడే వాకిట్లో రిక్షా ఆగింది, మీ అమ్మ ఎదురెళ్లింది. తిరిగొచ్చేసరికి అడుగంటిన వాసన.

అంతటితో వదిలేసినా సగం కూర దక్కేది. తను గరిటె పెట్టి అడుగు గీకింది. నల్లటి పెచ్చులన్నీ పైకి లేచి పులుసులో కలిసిపోయాయి. చేదు తెలియకూడదని మరి కాస్త బెల్లం, ఆ తీపికి విరుగుడుగా కారం, ఆ కారం తగ్గడానికి చింతపండు. ఆంటీ వాసన పట్టి కిందికొచ్చింది. గిన్నెలోకి చూసి, "అడుగు కదిపావా?" అని ఒక్క మాట అడిగింది. మీ అమ్మ తలూపింది. ఆవిడ ఇంకేం మాట్లాడకుండా పైకెళ్లి ఇరవై కోడిగుడ్లు పట్టుకొచ్చింది.

ఆ పూట అందరం ఆమ్లెట్లూ చారూ తిన్నాం. మీ నాన్న మేనత్త మాత్రం పట్టుబట్టి ఆ కూర వేయించుకుని, "కషాయం బాగుంది, జలుబుకి పనికొస్తుంది" అంది. మీ అమ్మ దొడ్లో బావి గట్టు మీద కూర్చుని చీకటిపడేదాకా లేవలేదు. మీ నాన్న వెళ్లి పక్కన కూర్చున్నాడు, ఏమన్నాడో నాకు తెలియదు. అప్పట్నుంచీ ఆ చేత్తో గోంగూర కోడి వండింది, చింతచిగురు కోడి వండింది, తియ్యటి పండు మాత్రం మాంసం దగ్గరికి రానివ్వలేదు. నువ్వు జర్దాలూ అనగానే తను మాట మింగేసింది అందుకే. నీ మీద కోపం కాదమ్మా.

కాబట్టి నువ్వు: మందపాటి గిన్నె, వీలైతే రెండు. ఒక్కదాంట్లో కుక్కితే పై ముక్కలు ఉడికేలోపు అడుగు మాడుతుంది. ముక్క ముప్పాతిక ఉడికేదాకా పండు గిన్నెలో పడకూడదు. పడ్డాక మంట బాగా తగ్గించి, నానిన నీళ్లు పోసి, పది పన్నెండు నిమిషాలు, అంతే. పండు మెత్తగా ఉండాలి గాని విరగకూడదు. గరిటె పెట్టకు, గుడ్డతో గిన్నె పట్టుకుని కుదుపు. పండు తీపి పులుసులోకి దిగాక గాని రుచి చూడకు. అప్పుడు కావాలంటే చెంచాడు బెల్లం, తర్వాత మూడు నాలుగు చెంచాల వెనిగర్. నవసారి నుంచి వచ్చే నల్లటి చెరకు వెనిగర్ మీ పొరుగువాళ్ల అలమరలో తప్పకుండా ఉంటుంది. వెళ్లి అడుగు. సిగ్గుపడకు. తీపి ఎక్కువైందనిపిస్తే వెనిగరే దిద్దుతుంది, కారం దిద్దదు. ఖర్మకాలి అడుగంటితే, కదపకుండా పైపైది వేరే గిన్నెలోకి వంచెయ్యి.

సల్లీ అంటే అగ్గిపుల్లల్లా తరిగిన బంగాళాదుంప. ఉప్పునీళ్లలో వేసి, గుడ్డ మీద ఆరబెట్టి, కొద్దికొద్దిగా వేయించు. వడ్డించేటప్పుడే పైన చల్లు, ముందే చల్లితే మెత్తబడుతుంది. బజార్లో డబ్బాల్లో అమ్ముతారు, ఓపిక లేకపోతే కొనుక్కో, నేనేమీ అనను.

మీ మామగారికి షుగరు కదా, ముక్కలు వడ్డించు, పండూ పులుసూ తక్కువ వెయ్యి. అడిగితే ఇంకో రెండు పండ్లు వెయ్యి, పండగపూట మొహం చిన్నబుచ్చకు.

ఎదురింటి అబ్బాయి గురువారం పుణే వస్తున్నాడు. ముప్పావు కిలో ఖుబానీ ఇచ్చి పంపుతున్నాను, నూట ఇరవై రెండు పండ్లున్నాయి. లెక్క రాసుకో.

మీ పెద్దమ్మ