వెనకమడుగుకు పోయే ముందు

నెల్లూరు

ఒరే నాయనా,

నీ నవల మొదటి నాలుగు అధ్యాయాలూ చదివాను. నువ్వు పంపలేదులే, మీ అమ్మ పంపింది. "అత్తకి చూపిస్తే తప్పులు పడుతుంది" అన్నావంట. పడతాను. ముప్పై నాలుగేళ్లు ఎర్ర ఇంకు పెన్నుతో బతికినదాన్ని. కానీ అందులో నువ్వు కల్పించిన మడుగుకి "వెనకమడుగు" అనే పేరు చదవగానే పొయ్యి మీద పాల సంగతి మర్చిపోయాను, పొంగి స్టవ్వంతా పాడయింది. మన ఇంట్లో ఒకడు ఇట్టాంటిది రాస్తాడని ఎవరనుకున్నారు?

ఆ సంతోషం కాసేపే. మే నెలలో, మిట్టమధ్యాహ్నం, ఒక్కడివే పులికాట్ ఎండిన మడుగులో నడిచి, ఎండమావులు చూసొచ్చి ఐదో అధ్యాయం రాస్తావంటగా! అప్పటి నుంచి నాకు నిద్ర లేదు.

నీళ్లు నాలుగు సీసాలు, తలకి తువ్వాలు, కాళ్లకి బూట్లు. సూళ్లూరుపేటలో రాత్రికి ఉండి తెల్లారేసరికి శ్రీహరికోట రోడ్డెక్కు, పది దాటకుండా వెనక్కి వచ్చెయ్. ఎండమావి పొద్దెక్కగానే కనబడుతుంది, దానికోసం మధ్యాహ్నం దాకా మాడక్కర్లేదు. సెక్యూరిటీ వాళ్లతో వాదన పెట్టుకోకు. ఇవి ఎవరైనా చెప్తారు.

మీ నాన్న చెప్పనిది నేను చెప్తాను.

నాకు అప్పుడు ఇరవై ఒకటి. ఆ మడుగు ఒడ్డున ఒక ఊళ్లో మొదటి ఉద్యోగం. (2022లో ఆ పక్కంతా తిరుపతి జిల్లాలో కలిసింది గానీ, నా నోటికి ఇంకా నెల్లూరు జిల్లానే.) వేసవి సెలవులకి మీ నాన్న నా దగ్గరికి వచ్చాడు, తొమ్మిదేళ్లవాడు. నా దగ్గర చదివే పిల్లోడి అక్క పెళ్లి, అవతల దీవిలో. చుట్టూ తిరిగి పోతే పూట పడుతుంది. అడ్డంగా నడిస్తే గంటలో పోవచ్చనిపించింది. తాటిచెట్లు ఎదురుగానే కనబడుతున్నాయి మరి! పదకొండింటికి బయలుదేరాం. ఇద్దరికీ కలిపి ఒక్క మరచెంబు నీళ్లు.

చలికాలంలో కొంగలు చూడ్డానికి పోయినవాళ్లకి ఆ ఎండకాలపు నేల సంగతి తెలీదు. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా పడే వానలకి నిండిన మడుగే అది, మే నెలకల్లా ఉత్తరం వైపు చవిటి పర్రలాగా ఎండిపోతుంది. పైన తెల్లగా ఉప్పు పెచ్చు. అద్దంలా మెరుస్తూ, సిమెంటు చేసినట్టు గట్టిగా కనిపిస్తుంది.

అరగంట నడిచామో లేదో, తాటిచెట్లు నేల వదిలేశాయి. గాల్లో నిలబడ్డాయి. వాటి కింద అవే చెట్లు తలకిందులుగా, మధ్యలో తళతళమని నీళ్లు. మరచెంబు అప్పటికే ఖాళీ. మీ నాన్న "అక్కా, నీళ్లు!" అన్నాడు.

అవి నీళ్లు కావని నాకు తెలుసురా. పిల్లలకి పాఠం కూడా చెప్పాను: నేలని ఆనుకున్న గాలి కాగి పలచబడుతుంది, పైగాలి చిక్కగా ఉంటుంది, పైనుంచి దిగే వెలుగు ఆ వేడిగాలిలో వంగి మళ్లీ పైకి లేచి మన కంటికి వస్తుంది. కన్నేమో అది నేల మీది నుంచే వచ్చిందనుకుంటుంది. మనం నీళ్లనుకునేది ఆకాశం ముక్క. అన్నీ తెలిసీ, వాడు ఏడవకుండా నడుస్తాడని, "అవున్రా, పద, అక్కడ తాగుదాం" అన్నాను.

వాడు పరిగెత్తాడు.

వాడు పోయేకొద్దీ నీళ్లు వెనక్కి పోయాయి. పెచ్చు ఎక్కడ పలచబడిందో ఏమో, ఒక్కసారిగా మోకాళ్ల పైదాకా దిగబడిపోయాడు. కింద నల్లటి బురద, మురిగిన కోడిగుడ్డు కంపు. నేను లాగబోతే నేనూ దిగబడ్డాను. వాడు అరవలేదు. నా మొహంలోకి చూసి, "నీళ్లన్నావుగా" అన్నాడు. అంతే.

మేకలు తోలుకుపోతున్న ఒక అవ్వ మమ్మల్ని చూసింది కాబట్టి సరిపోయింది. పొడుగాటి కర్ర అందించి, బోర్లా పడుకుని పాకమంది. బయటపడ్డాక నన్ను బాగా తిట్టి, ఆఖర్న చెప్పింది: "నీళ్లు కనబడేకాడికి కాదమ్మా, గుల్ల కనబడేకాడికి నడవాల." గుల్లంటే ఆల్చిప్పలు. అవి పేరుకున్న చోట నేల గట్టి, కాలి కింద కరకరమంటుంది. ఆ కరకర చప్పుడు వింటూనే వెనక్కి వచ్చాం. దారిలో ఇంకోటి కూడా చూపించింది. వంగి చూస్తే నీళ్లు దగ్గరికొచ్చి పెరుగుతాయి, నిలబడితే దూరంగా పోయి తగ్గుతాయి. "చూడు, ఎంత అబద్ధాలకోరో" అని నవ్వింది, ఇంట్లో పిల్లి గురించి చెప్పినట్టు.

మైపాడు పోతే మీ నాన్న పాదాలు కూడా తడుపుకోడని మీరంతా నవ్వుతారు. వాడికి సముద్రం అంటే భయం అనుకుంటున్నారు. వాడు జడుసుకుంది నా మాటకిరా.

ఇక నీ వెనకమడుగు. అడుగు పెట్టినవాడు నిన్నటి రోజులోకి పోతాడని రెండో అధ్యాయంలో రాశావు, నాలుగోదాంట్లో వాడే రేపట్లోకి పోయాడు. ఎట్టా కుదురుతుంది? మాయ అని తోసేస్తే నేనొప్పుకోను. ఎండమావికే ఒక లెక్క ఉంది కదా, నీ మడుగుకి ఉండొద్దా? ఇంకోటి. ఆ మడుగు ఒడ్డున ఊరుందన్నావు, ఊళ్లో అందరూ దాన్ని చూసి వణకడమే. మరి వాళ్లు తినేదెట్టా? చేపలు పట్టేవాడు, మేకలు తోలేవాడు ఒక్కడూ లేడా? వాళ్లకి తెలిసిన గుల్లదారి ఏదో నువ్వు ముందు కనుక్కో. నీ హీరోని గుర్రం దింపి ఒక అవ్వతో తిట్టించు. ఆ గాలి వర్ణన మాత్రం ఒక్క అక్షరం మార్చొద్దు. నాకు ఒళ్లు జలదరించింది.

పులికాట్‌కి ఒక్కడివే పోవద్దు, నేనూ వస్తాను. మోకాళ్ల నొప్పులు కాబట్టి రోడ్డు మీద కార్లోనే కూర్చుంటాను, నువ్వు నా కంటికి ఆనినంత దూరమే నడవాలి. మీ నాన్నని కూడా రమ్మను. రాడు, అయినా అడుగు.

ఆ మరచెంబు ఇంకా నా దగ్గరే ఉంది. మూత బిగుసుకుపోయి నా చేతికి రావడం లేదు. వచ్చినప్పుడు కాస్త తీసిపెట్టు.

మీ అత్త