సిద్ధాంతం కంటే ముందు తేదీ

చిరంజీవికి ఆశీస్సులు.

నువ్వు పంపిన పరిశోధన ప్రణాళిక రెండుసార్లు చదివాను. యేట్స్, జాయిస్, బెకెట్ అనే ముగ్గురు ఐరిష్ రచయితలనూ, వలసపాలన మిగిల్చిన ప్రభావాన్ని వెదికే వలసవాదానంతర దృష్టితో ఆరు అధ్యాయాల్లో పరిశీలిస్తానని రాశావు. అభిప్రాయం దాచుకోకుండా చెప్పమని మీ నాన్నగారు అన్నారు కాబట్టి చెబుతున్నాను. ఇది ఒక మనిషి నాలుగేళ్లలో చేయగలిగిన పని కాదు. పట్టుబట్టి చేసినా, ఆ ముగ్గురి గురించి ఇతరులు ఇదివరకే అన్న మాటల కూర్పుగానే మిగులుతుంది. యేట్స్‌ను ఒక్కరినే ఉంచుకో. ఆయన రచనల్లోనూ 1921లో వచ్చిన ‘మైకేల్ రోబార్టెస్ అండ్ ద డాన్సర్’ అనే సన్నని కవితా సంపుటి చాలు. బ్రిటిష్ పాలన మీద డబ్లిన్‌లో జరిగిన తిరుగుబాటు గురించిన ‘ఈస్టర్, 1916’, ‘ద సెకండ్ కమింగ్’ రెండూ అందులోనే ఉన్నాయి. నీ గైడ్ మొదట నొసలు చిట్లించవచ్చు, కానీ రెండో ఏడాదికి ఆయనే సంతోషిస్తారు.

ఇంత గట్టిగా చెప్పడానికి కారణం నా పొరపాటే. నా పరిశోధన రోజుల్లో ‘ఈస్టర్, 1916’ మీద ఒక అధ్యాయం రాశాను. డిగ్రీ విద్యార్థుల కోసం అచ్చయిన ఒక సంకలనంలోని పాఠాన్నే నమ్ముకున్నాను. కవిత అడుగున కవి వేసుకున్న తేదీ అందులో లేదు, ఉండాలన్న సంగతీ నాకు తెలియదు. తిరుగుబాటు వార్త విన్న వేడిలో కవి దీన్ని ప్రజల ముందు పెట్టాడని, అది జాతికి ఊపిరి పోసిందని పేజీల కొద్దీ రాసుకుపోయాను. వైవా (మౌఖిక పరీక్ష) రోజున పరీక్షకులు ఆ అధ్యాయం తిరగేస్తూ, “1916లో ఈ కవితను ఎవరు చదివారు?” అని అడిగారు. నా దగ్గర జవాబు లేదు. పట్టా ఇచ్చారు గానీ, ఆ అధ్యాయాన్ని నేను మళ్లీ ఎవరికీ చూపించలేదు.

జవాబు ఇది. డబ్లిన్‌లో తిరుగుబాటు మొదలైంది 1916 ఏప్రిల్ 24న, ఈస్టర్ సోమవారం నాడు. మే 3 నుంచి 12 వరకు తిరుగుబాటుదారుల్లో పదిహేను మందిని కాల్చి చంపారు, ఆగస్టు 3న లండన్‌లో అదే తిరుగుబాటుకు చెందిన రోజర్ కేస్‌మెంట్‌ను ఉరితీశారు. యేట్స్ కవిత కింద వేసిన తేదీ 1916 సెప్టెంబరు 25. ఆ తరువాత అది పాతిక ప్రతుల ఆంతరంగిక ముద్రణగా మిత్రుల చేతుల్లోనే తిరిగింది. పత్రికలో అచ్చయింది 1920 అక్టోబరు 23న, అదీ లండన్ వారపత్రిక ‘న్యూ స్టేట్స్‌మన్’లో. అప్పటికి ఐర్లండ్‌లో స్వాతంత్ర్య యుద్ధం నడుస్తోంది. నిరాహార దీక్షలో ఉన్న కార్క్ నగర మేయర్ టెరెన్స్ మాక్‌స్వైనీ మరో రెండు రోజులకే లండన్ జైలులో కన్నుమూశాడు. అంటే ఈ కవిత నాలుగేళ్లు ఒక రకంగాను, ఆ తరువాత పూర్తిగా వేరొక రకంగాను బతికింది. మౌనంగా ఉన్న ఆ నాలుగేళ్లను ఎలా అర్థం చేసుకోవాలి? 1910 నుంచి ఆయనకు బ్రిటిష్ ప్రభుత్వ పింఛను అందుతుండేది. దాన్ని చూసి వెంటనే ‘పిరికితనం’ అని తేల్చేయకు, ‘లౌక్యం’ అని సమర్థించకు. రెండింటికీ ఆధారాలు వెదుకు.

పాఠం, తేదీ, ముద్రణ చరిత్ర చేతికి వచ్చాకే పంక్తుల దగ్గర కూర్చో. ఆల్ట్, ఆల్స్‌పాక్ సంపాదకత్వంలో 1957లో వచ్చిన పాఠభేదాల సంపుటాన్ని పక్కన పెట్టుకో. యేట్స్ తన కవితలను జీవితమంతా దిద్దుతూనే ఉన్నాడు కాబట్టి, నువ్వు ఉటంకించే మాట ఏ ఏటి పాఠంలోదో తెలియకుండా ఒక్క వాక్యం కూడా రాయకూడదు. కవితలో నాలుగు భాగాలున్నాయి, వాటి పంక్తులు వరుసగా 16, 24, 16, 24. ఏప్రిల్ 24, 1916 అన్న తేదీ అందులో దాగి ఉందని కొందరు విమర్శకులు చూపించారు. చూడముచ్చటగానే ఉంటుంది, కానీ లెక్కల దగ్గరే ఆగిపోయే విమర్శ మీద నాకు పెద్దగా నమ్మకం లేదు.

నేనైతే ప్రతి భాగాన్నీ నోటుబుక్కులో తెలుగులోకి తెచ్చుకుంటూ చదవమంటాను. అచ్చు వేయడానికి కాదు, తెలుగు మొరాయించే చోటు పట్టుకోవడానికి. పల్లవిలా తిరిగి వచ్చే పంక్తిలో ‘ఛేంజ్డ్’ అన్న మాట చూడు. ‘మారిపోయారు’ అనాలా, ‘మార్చేశారు’ అనాలా? చనిపోయినవాళ్లు తమంతట తాము మారారా, కాల్చి చంపినవాళ్లు వారిని మార్చారా, లేక మారింది చూసే కవి కళ్లా? ఇంగ్లిషులో ఆ ఒక్క మాట అన్నింటినీ మోస్తుంది, తెలుగులో నువ్వు తేల్చుకోక తప్పదు. ఇప్పుడు మూడో భాగానికి వెళ్లు. అక్కడ వాగు, మేఘం, గుర్రం, నీటికోడి అన్నీ క్షణక్షణం మారుతుంటాయి, వాటి నడుమ రాయి ఒక్కటే కదలదు. ఒకే ఆశయానికి అంకితమైన గుండెలకు ఆ రాయి గుర్తు. మరి మారకపోవడమే వారి లక్షణమైతే, పల్లవిలో ‘పూర్తిగా మారిన’ వాళ్లు వాళ్లే ఎలా అయ్యారు? నీ అధ్యాయం ఈ ప్రశ్నలో పుడుతుంది, ఏ సిద్ధాంత గ్రంథం ముందుమాటలోనూ కాదు.

కాల్చి చంపిన ఆ పదిహేను మందిలో ఒకడైన జాన్ మాక్‌బ్రైడ్ సంగతీ వదలకు. కవి ఏళ్ల తరబడి ప్రేమించిన మాడ్ గాన్‌కు దూరమైన భర్త అతను. తాగుబోతు, డాంబికుడు అని తిడుతూనే కవి అతన్ని పాటలో చేర్చుకున్నాడు. కవిత చదివిన మాడ్ గాన్ తనకిది నచ్చలేదని 1916 నవంబరులో ఉత్తరం రాసింది. దీని తొలి విమర్శకుల్లో ఆమె ఒకరు, ఆ ఉత్తరాన్ని విమర్శగానే చదువు.

విమర్శకుల వంతు ఆ తరువాత. 1965లో కానర్ క్రూజ్ ఓబ్రయన్ యేట్స్ రాజకీయాల్లో ఫాసిస్టు మొగ్గును ఎత్తిచూపాడు. 1988లో ఎడ్వర్డ్ సయీద్ అదే యేట్స్‌ను వలస విముక్తి కవుల వరుసలో నిలబెట్టాడు. ఇద్దరినీ ఒకే వారంలో చదివి, ఎవరు ఏ కవితలను ఎంచుకున్నారో, వేటిని పక్కన పెట్టారో రాసుకో. ఎవరి పక్షమో తేల్చడం కంటే ఆ పట్టికే నీకు ఎక్కువ పనికొస్తుంది.

శీర్షికలో ‘బ్రిటిష్’ అని మాత్రమే రాశావు, దాన్ని దిద్దు. మన సిలబస్సులు ఐరిష్ రచయితలను ఇంగ్లిషు సాహిత్యం పేపర్లో కలిపేయడం పాత అలవాటు. యేట్స్ 1922 నుంచి 1928 దాకా ఐరిష్ ఫ్రీ స్టేట్ (స్వాతంత్ర్య యుద్ధం తరువాత ఐర్లండ్‌లో ఏర్పడిన స్వపరిపాలన రాజ్యం) సెనేటర్‌గా ఉన్నాడు. అయితే ఆ కాలానికి ముందు, ఈ కవిత రాసిననాడు, ఐర్లండ్ యునైటెడ్ కింగ్‌డమ్‌లో భాగమే. ఈ చిక్కును ఒక విశేషణంతో దాటేయకు.

నీ ప్రణాళికలో మదనపల్లె ప్రస్తావన చూసి ముచ్చటేసింది. 1904లో జాయిస్‌కు డబ్లిన్‌లో కొన్నాళ్లు ఆశ్రయమిచ్చిన ఐరిష్ కవి జేమ్స్ కజిన్స్ 1915లో మన దేశానికి వచ్చి, అక్కడి దివ్యజ్ఞాన కళాశాలలో పనిచేసిన మాట నిజమే. 1919లో టాగోర్ అక్కడ ‘జనగణమన’ పాడితే దాని స్వరలిపి తయారీలో చేయి వేసింది కజిన్స్ భార్య మార్గరెట్టే. కానీ అది వేరే పరిశోధన. నీ గ్రంథంలో ఒక పాదసూచికకు మించి చోటివ్వకు. మనవాళ్లన్న మమకారంతో నేనూ ఒకప్పుడు ఇలాగే దారి తప్పాను.

ఒక వ్యవహారం మాట. యూజీసీ (విశ్వవిద్యాలయ నిధుల సంఘం) 2018 నిబంధనల ప్రకారం ఇతరుల రాతలతో నీ గ్రంథానికి పోలిక పదిశాతం దాటితే చిక్కే. చదివిన ప్రతి వ్యాసం నుంచి తీసుకున్న మాటలను అదే రోజు కొటేషన్ గుర్తులతో, పేజీ సంఖ్యతో రాసుకో. నెల తరువాత ఏది నీ వాక్యమో, ఏది వారిదో నీకే తెలియదు. గైడుపుస్తకాలు ఇంట్లో ఉంటే తమ్ముడికి ఇచ్చేయి.

నువ్వు సంక్రాంతికి ఊరు వచ్చినప్పుడు ఆ ఎనభై పంక్తుల తెలుగు నోటుబుక్కు తీసుకురా. ‘ఛేంజ్డ్’ దగ్గర ఏ మాట వేశావో చూడాలి.

ఆశీస్సులతో,
మీ మాస్టారు