మహాయంత్రాల కథ రాస్తున్న నీకు

చిరంజీవికి ఆశీస్సులు.

నువ్వు పంపిన నవల మొదటి మూడు అధ్యాయాలు శ్రద్ధగా చదివాను. ఎడారి నడుమ ఒక సామ్రాజ్యం, దాని రాజధాని కింద ఏ కాలంలో ఎవరు చేశారో ఎవరికీ తెలియని మాయాయంత్రాలు, అవి తిరిగినంత కాలమే కురిసే వాన. ఈ ఊహలో బలం ఉంది. ఎవరేమన్నా దీన్ని వదులుకోకు. అయితే రెండో అధ్యాయంలో యంత్రశాలను వర్ణించిన పేజీల నిండా నీలికాంతి, గోపురమంత చక్రాలు, వాటి మీద వెలిగే మంత్రాక్షరాలు ఉన్నాయి గానీ, ఆ చక్రాలకు కందెన పూసే మనిషి ఒక్కడూ కనిపించలేదు. ఈ ఉత్తరంలో నేను చెప్పదలచుకున్నది ఆ కనిపించని మనిషి గురించే.

యంత్రాలు సామ్రాజ్యాన్ని పోషిస్తున్నాయని నువ్వు రాశావు. మరి ఆ యంత్రాలను ఎవరు పోషిస్తున్నారు? చైనాలోని సిచువాన్‌లో మిన్ నది మీద దుజియాంగ్యాన్ అనే నీటిపారుదల వ్యవస్థ ఉంది. క్రీ.పూ. 256 ప్రాంతంలో లి బింగ్ అనే అధికారి దాన్ని మొదలుపెట్టించాడు. నదికి అడ్డంగా గోడ కట్టకుండా, నడిమధ్యలో గట్టు పోసి ప్రవాహాన్ని రెండు పాయలుగా చీల్చిన ఆ ఏర్పాటు చెంగ్డూ మైదానానికి నేటికీ నీళ్లందిస్తోంది. ఇన్ని శతాబ్దాలు అది నిలిచింది కట్టినవాడి మేధ వల్ల మాత్రమే కాదు. చలికాలంలో నీరు తగ్గినప్పుడు పాయకు అడ్డుకట్ట వేసి, అడుగున చేరిన పూడికను జనం తరతరాలుగా తీస్తూ వచ్చారు. ఎంత లోతు తవ్వాలో తెలియడానికి నది అడుగున ఇనుప దిమ్మెలు పాతిపెట్టారు. పారకు ఇనుము తగిలితే ఆ ఏటికి తవ్వకం చాలినట్టు. అడుగును లోతుగా తవ్వమనీ, గట్టును తక్కువ ఎత్తులో కట్టమనీ చెప్పే ఆరు అక్షరాల సూత్రాన్ని అక్కడి గుడిలో రాతి మీద చెక్కారు. ఆ గుడిలో పూజలందుకునేది లి బింగ్, అతని కొడుకు. ఇంజనీరు దేవుడయ్యాడు, మరమ్మతు సూత్రం గుడిగోడ ఎక్కింది. నీ కథకు కావలసిన మూలధాతువంతా ఇందులోనే ఉందని నా నమ్మకం.

ఇప్పుడు నీ పూజారుల దగ్గరికి రా. వాళ్లు యంత్రశాలలో పఠించే స్తోత్రం ప్రస్తుతం వినసొంపైన శబ్దాల వరుస మాత్రమే. దాన్ని ఒకప్పటి పనివాళ్ల సూచనగా మార్చి చూడు. ఏ ఇరుసుకు ఏ రుతువులో నూనె పోయాలో, ఏ తూము తెరవకముందు ఏ తూము మూయాలో ఆ శ్లోకాలలో దాగి ఉండాలి. అర్థం పోయి, పాట మిగిలి ఉండాలి. మూడో అధ్యాయంలో నువ్వు ప్రవేశపెట్టిన అమ్మాయి, తల్లి నేర్పిన ప్రకారం చక్రం పంటి అంచున బొటనవేలు ఆనిస్తుంది. గోరు పట్టేంత గాడి పడితే ఆ పన్ను మార్చాలని తల్లి చెప్పింది. ఇవాళ గోరు పట్టడమే కాదు, వేలి కొన మొత్తం ఆ గాడిలో ఇమిడింది. పన్ను పోతపోయగలవాడు మాత్రం సామ్రాజ్యంలో ఎక్కడా లేడు. ఈ ఒక్క సన్నివేశం చాలు, నీలికాంతి పేజీలన్నీ తీసేయవచ్చు. పాఠకుడికి ప్రమాదం ఎంతటిదో ఆ వేలి కొన దగ్గర తెలుస్తుంది.

మాయాశక్తి ఎలా పుట్టిందన్న ప్రశ్నకు ఎక్కువ పేజీలు కేటాయించకు. అది దేన్ని తింటుందో తేల్చుకుంటే సరిపోతుంది.

యంత్రం ఆగిన రోజును నువ్వు పిడుగులతో, కూలే బురుజులతో రాయాలనుకుంటున్నట్టు ఉత్తరంలో చెప్పావు. నేనైతే పిండితో మొదలుపెడతాను. క్రీ.శ. 537లో గోత్ జాతి సైన్యం రోమ్‌ను ముట్టడించి, నగరానికి నీళ్లు తెచ్చే కాలువలను తెంచేసినప్పుడు, ఆ నీటితో తిరిగే తిరగళ్లు ఆగిపోయాయి. రోమ్‌ను కాపాడుతున్న సేనాని బెలిసారియస్ ఆ నగరం గుండా పారే టైబర్ నదిలో పడవలను జతగా కట్టించి, వాటి నడుమ నీటిచక్రాలు అమర్చి ధాన్యం పిండి పట్టించాడు. మహాసామ్రాజ్యపు వైభవం ఆగిపోవడమంటే ముందుగా రొట్టె ఆగిపోవడమే. నీ రాజధానిలో వాన ఆగితే మొదట మూతపడేది ఏ వృత్తి, ఆ రాత్రి పస్తు పడుకునేది ఏ వీధి అన్నది నీకు తెలిసి ఉండాలి. కథలో చెప్పకపోయినా సరే.

అదే రోమ్‌లో క్రీ.శ. 97లో నీటి సరఫరా బాధ్యత చేపట్టిన ఫ్రాంటినస్, గొట్టాలకు దొంగచాటుగా కన్నాలు పెట్టి నీళ్లు మళ్లించుకున్నవాళ్ల గురించి రాసిపెట్టాడు. నీ సామ్రాజ్యంలో అందరి మీదా ఒకేలా వాన కురుస్తోంది, అది నమ్మశక్యంగా లేదు. వానను తన పొలం మీదికి మళ్లించుకునే సామంతుడు, అతనికి తాళం చెవి అద్దెకిచ్చే యంత్రశాల గుమాస్తా ఎక్కడో ఒకచోట ఉండే తీరాలి.

ఇక ఆ యంత్రాలు చేసే విద్య ఎందుకు అంతరించిందన్నది. యుద్ధంలో గ్రంథాలు కాలిపోయాయని ఒక వాక్యంలో తేల్చేశావు. దానికంటే విషాదకరమైన కారణం గోప్యత. భోజుని పేరుతో ఉన్న సమరాంగణ సూత్రధారం అనే వాస్తు గ్రంథం ఎగిరే కొయ్యపక్షి వంటి యంత్రాలను వర్ణిస్తూనే, వాటి నిర్మాణ రహస్యాన్ని విప్పకపోవడం తెలియక కాదనీ, గుప్తంగా ఉంచడానికేననీ స్పష్టంగా చెబుతుంది. బైజాంటియం, అంటే తూర్పు రోమన్ సామ్రాజ్యం, తన శత్రునౌకలను కాల్చిన ద్రవాగ్ని తయారీని ఎంత కట్టుదిట్టంగా దాచిందంటే, దాని అసలు పాళ్లు నేటికీ ఎవరికీ తెలియవు. రహస్యం కొద్దిమందికి అధికారం ఇస్తుంది. ఆ కొద్దిమంది ఒకే మహమ్మారిలో పోతే అధికార చిహ్నాలు మిగులుతాయి, విద్య మిగలదు. నీ చక్రవర్తి పూర్వీకులే, అభిమానంతోనో భయంతోనో, ఆ విద్యను చంపేశారని పాఠకుడు క్రమంగా గ్రహించేలా చేస్తే, నీ కథలో వేరే దుష్టుడి అవసరం ఉండదు.

నువ్వు అడిగిన చివరి ప్రశ్న: ఆఖరున యంత్రాలు మళ్లీ తిరగాలా, వద్దా? అది ఆ అమ్మాయి తేల్చాలి. ఆమెకు పోత పని నేర్చుకునే అవకాశం ఇవ్వు. ఆమె పోసిన మొదటి పన్ను విరిగిపోనివ్వు, అప్పటికి ఆమె ఏం కోరుకుంటుందో నీకే బోధపడుతుంది. ప్రస్తుతానికి ముగింపు పక్కన పెట్టి, రెండో అధ్యాయాన్ని యంత్రం వైపు నుంచి కాక ఆమె చేతుల వైపు నుంచి తిరగరాసి పంపించు. స్తోత్రం పాఠం కూడా పూర్తిగా రాసి జతచెయ్యి. అందులో ఏ చరణం ఏ పనిని సూచిస్తుందో పక్కన గుర్తు పెట్టు. దాని మీద మనం వివరంగా మాట్లాడుకుందాం.

శుభాకాంక్షలతో,
నీ శ్రేయోభిలాషి